రాధామనోహరం: మన ఎండలకు తగిన హనీసకిల్

ఇంగ్లీషు నవలలు చదివినవారికీ, సీమదేశపు తోటపనిని గురించిన పుస్తకాలు తిరగవేసినవారికీ హనీసకిల్ అనే పేరు కొత్తది కాదు. ఇంటి ముంగిలి మీదికి ప్రాకి, సందెవేళ పరిమళం చిమ్మే తీగ అని ఆ పుస్తకాలు దానిని వర్ణిస్తవి. ఆ వర్ణన చదివి ముచ్చటపడి, గుంటూరులోనో ఒంగోలులోనో నరసరావుపేటలోనో తమ పెరటిలో దానిని పెంచవలెనని ఉబలాటపడే గృహస్థులు లేకపోలేదు. వారికి ముందుగా ఒక మాట చెప్పవలసి ఉన్నది. ఆ తీగ చలిదేశాలది. మన ఎండ దానికి పడదు. అయితే అది చేసే పనులన్నీ, నా దృష్టిలో అంతకంటె సొగసుగా చేసి చూపే తీగ ఒకటి మన వీధి అరుగుల పక్కనే పెరుగుతున్నది. దాని పేరు రాధామనోహరం. రంగూన్ మల్లె అని కూడా కొందరు అంటారు. ఇంగ్లీషువారు సైతం దీనికి చైనా హనీసకిల్ అనే పేరు పెట్టుకున్నారంటే, పోలిక వారికీ తోచినదనే కదా.

అసలు హనీసకిల్‌ను శాస్త్రజ్ఞులు లొనిసెరా అంటారు. 16వ శతాబ్దపు జర్మన్ వృక్షశాస్త్రజ్ఞుడు ఆడమ్ లొనిట్సర్ పేరు మీదుగా వచ్చిన పేరు అది. ఈ జాతిలో తోటలలో ఎక్కువగా కనిపించేది చైనా, జపాన్, కొరియా దేశాల తీగ. దాని పువ్వు విచ్చినప్పుడు తెల్లగా ఉండి, ఒకటి రెండు రోజులలో పసుపుపచ్చగా మారుతుంది. ఒకే తీగపై వెండి పూలూ బంగారు పూలూ కలిసి కనిపించడం చూచి చైనావారు దానిని బంగారు వెండి పువ్వు అన్నారు. మన దేశంలో కొండ ఊళ్ళలోను, చలి బాగా ఉండే చోట్లను అది చక్కగా పూస్తుంది. రెంటచింతల ఎండను గురించి వార్తలలో వినని వేసవి మనకు ఉండదు. 45 డిగ్రీలకు చేరే ఆ వేడిలో ఆ తీగను నీడపట్టున దాచి, పూటపూటకూ నీరు చిలకరించి బ్రతికించవచ్చునేమో గాని, బ్రతికించడం వేరు, పూయించడం వేరు.

రాధామనోహరానికి ఈ బెంగ లేదు. అది బర్మా, మలయా, ఫిలిప్పీన్స్ మొదలైన ఉష్ణదేశాల తీగ. రంగూన్ పేరు తెలుగు తీరానికి పరాయిదీ కాదు. కూలికీ వర్తకానికీ సముద్రం దాటి వెళ్ళి, 1942లో యుద్ధభయంతో తిరిగివచ్చిన తెలుగు కుటుంబాలెన్నో ఉన్నవి. తీగకు శాస్త్రజ్ఞులు పెట్టిన పేరు వెనుక వినదగిన కథ ఒకటి ఉన్నది. 17వ శతాబ్దంలో తూర్పు ఇండియా దీవులలోని అంబాయినాలో రంఫియస్ అనే పండితుడు డచ్చి కంపెనీ కొలువులో ఉండేవాడు. 1670లో చూపు పోయినా, ఆ దీవుల మొక్కలను గురించి పెద్ద గ్రంథం రాయించడం మానలేదు. మలయా ప్రజలు ఈ తీగను ఉదాని అనేవారు. ఆ మాట అతని చెవికి డచ్చి భాషలో ‘ఎటువంటిది?’ అని అడిగినట్లు వినబడింది. దానిని లాటిన్‌లోకి మార్చి క్విస్ క్వాలిస్, అనగా ‘ఎవరు? ఎటువంటివారు?’ అని పేరు పెట్టినాడు. మొదట పొదవలె నిటారుగా లేచి, తరువాత తీగవలె ప్రాకుతూ, పూటకొక రంగు చూపే ఈ మొక్కను చూచి ఎవరైనా ఆ ప్రశ్నే వేస్తారు. 1762లో లిన్నేయస్ ఆ పేరునే స్థిరపరచినాడు. ఇటీవలి శాస్త్రజ్ఞులు దీనిని కాంబ్రీటం అనే జాతిలో చేర్చినారు. ఆ కుటుంబం మనకు సుపరిచితమైనదే. త్రిఫలాలలోని కరక, తాని, మన అడవులలోని మద్ది, బడి ఆవరణలలో నీడనిచ్చే బాదం, ఇవన్నీ రాధామనోహరానికి దాయాదులు.

పేర్ల విషయంలో ఒక చిక్కు ఉన్నది. ఉత్తరాదిన దీనినే మధుమాలతి అంటారు. బెంగాలులో మాధవీలత అని కూడా పిలుస్తారు గాని, కావ్యాలలోని మాధవి వేరు, ఇది వేరు. మనవైపున మనోరంజితం, రాధామనోహరం అనే రెండు పేర్లను తారుమారు చేసేవారు ఉన్నారు. మనోరంజితం పసుపుపచ్చని దళసరి రేకుల పువ్వు, సీతాఫలం కుటుంబానిది. దానికీ దీనికీ చుట్టరికం లేదు. కడియం నర్సరీల నుండి బండ్లపై వచ్చే మొక్కలను కొనేటప్పుడు పేరు మాత్రమే చెప్పి ఊరుకోక, పువ్వు చూపించమని అడగడం మంచిది. పూరేకులు ఒంటి వరుసగా ఉన్నది అసలు రకం. ముద్దపూల రకం కూడా దొరుకుతున్నది. అది చూపునకు నిండుగా ఉంటుంది గాని, నాకు మాత్రం ఒంటిరేకు పువ్వే పువ్వు.

ఇక ఆ పువ్వు కథ. పొద్దు వాలి, రేడియోలో సాయంకాలపు వార్తలు వినిపించే వేళకు మొగ్గలు విచ్చుకుంటవి. ఆ మొదటి రాత్రి పువ్వు తెల్లగా ఉండి, కొమ్మకు అడ్డంగా, బయటివైపు ముఖం పెట్టి నిలుస్తుంది. పరిమళం అంతా ఆ వేళనే. తెల్లవారేసరికి రేకులపై గులాబి చాయ తేలుతుంది; పువ్వు కొంచెం తల వాలుస్తుంది. మూడవనాటికి ఎర్రబడి, పూర్తిగా క్రిందికి వ్రేలాడుతుంది. రోజూ క్రొత్త మొగ్గలు విచ్చుతూ, పాత పూలు వెంటనే రాలిపోకుండా ఉండడం వల్ల ఒకే గుత్తిలో తెలుపు, గులాబి, ఎరుపు మూడూ కలిసి కనిపిస్తవి. మూడు రంగుల పూలు పూసే చెట్టని పిల్లలు అనుకుంటారు. పువ్వు ఒకటే, దాని వయసు వేరు.

ఈ వేషాలన్నీ ఎవరి కోసం? పువ్వుకు మనం కాడ అనుకునేది నిజానికి కాడ కాదు. అది రెండు మూడు అంగుళాల పొడవు గల సన్నని గొట్టం. తేనె దాని అడుగున ఉంటుంది. ఆ లోతును అందుకోగల నాలుక ఉన్న జీవులు కొద్ది. వాటిలో ముఖ్యమైనది రాత్రివేళ తిరిగే పెద్ద రెక్కల పురుగు. డేగవలె వేగంగా దూసుకువచ్చి, పువ్వుపై వాలకుండానే గాలిలో నిలిచి, చుట్టచుట్టుకొని ఉన్న పొడవాటి నాలుకను చాచి తేనె త్రాగుతుంది. చీకటిలో రెక్కల చప్పుడు విని చిన్నపిట్ట వచ్చినదని భ్రమపడేవారూ ఉన్నారు. చీకటిలో కనబడేది తెలుపు. దూరాన్నుండి పిలిచేది వాసన. గాలిలో నిలబడి త్రాగడానికి అనువైనది అడ్డంగా నిలిచిన పువ్వు. మొదటి రాత్రి పువ్వుకు ఈ మూడు లక్షణాలూ ఎందుకున్నవో ఇప్పుడు తెలుస్తుంది. మరునాటి నుండి పగటి చుట్టాల వంతు. గులాబి, ఎరుపు రంగులకు తేనెటీగలు, సీతాకోకచిలుకలు, తేనెపిట్టలు వస్తవి. రాత్రి దక్కని పుప్పొడి పగలైనా దక్కవచ్చునని పువ్వు చేసుకున్న రెండవ ఏర్పాటు ఇది.

సీమ హనీసకిల్ సరిగ్గా ఇదే పని చేస్తుంది. అదీ సాయంకాలం తెల్లగా విచ్చుకొని, రాత్రి పురుగులను వాసనతో పిలిచి, తరువాత రంగు మారుతుంది. ఈ రెండు తీగలకూ వంశంలో సంబంధం లేదు. ఒకే విధమైన అతిథి వచ్చే రెండు ఇళ్ళలో ఒకే విధమైన వంట జరిగినట్లు, వేరువేరు దారులలో ఇవి ఒకే ఉపాయానికి చేరినవి.

ఆ రాత్రి అతిథి ఎక్కడ పుట్టి పెరుగుతుందో తెలిస్తే మన ప్రాంతపు గృహస్థులు కొంచెం ఆశ్చర్యపడతారు. నందివర్ధనం, గన్నేరు ఆకులను తినే పచ్చని లావుపాటి పురుగును చూచే ఉంటారు. దాని వెనుక భాగంలో చిన్న కొమ్ము ఉంటుంది. అది ఈ జాతిదే. నువ్వుచేలో కనిపించే కొమ్ము పురుగు, చిలగడదుంప తీగను తినే పురుగు కూడా ఈ జాతివే. అవి మట్టిలో కోశదశ గడిపి రెక్కల పురుగులై బయటికి వస్తవి. నువ్వు రైతుకు దానిపై కోపం ఉండడం న్యాయమే. కాని పెరటిలో ఆడ బొప్పాయి చెట్లకు మగపూల పుప్పొడిని మోసుకువచ్చే వాటిలోనూ ఈ రాత్రి సంచారులు ముఖ్యమైనవి. నందివర్ధనం కొమ్మపై నాలుగు ఆకులు పోయినవని మందు కొట్టి, బొప్పాయి పిందె నిలవలేదని విచారించే ఇల్లు తన లెక్కను తానే తప్పుతున్నది.

మందు మాట వచ్చినది కనుక దానినే ముందు చెప్పుకుందాం. మనది పత్తి, మిరప పండే మైదానం. ఇక్కడ ఇంటింటా పిచికారీ ఉంటుంది. పశువుల కొట్టంలోనో వసారా మూలనో మిగిలిన మందు డబ్బా ఉంటుంది. చేనుకు కొట్టగా అడుగున మిగిలిన మందును వృథా పోనీయరాదని ఇంటిముందరి పూలతీగపై చల్లే అలవాటు మన ప్రాంతంలో ఉన్నది. ఇంతకంటె ప్రమాదకరమైన పొదుపు మరొకటి లేదు. చేనిలో మందు కొట్టిన తరువాత కోతకు ఇన్ని రోజులు ఆగవలెనని డబ్బాపై రాసి ఉంటుంది. ఇంటి తీగకు ఆ గడువు ఎవరు పాటిస్తారు? సాయంకాలం చల్లిన తీగ పూలను మరునాటి ఉదయం ఆడపిల్ల జడలో తురుముకుంటుంది. దేవుని పటానికి పెడతారు. వేసవి రాత్రి ఆ పందిరి క్రిందనే నులకమంచం వేసుకొని పసిపిల్లలను పడుకోబెడతారు. ఈ పూల గొట్టాలను ఒకదానిలో ఒకటి మెలివేసి, దారం లేకుండానే మాల అల్లడం మన పిల్లలకు ఆట. ఆ వ్రేళ్ళే తరువాత నోటిలోకి పోతవి.

మందును నమ్ముకొని ఈ మైదానం పడిన కష్టం చిన్నది కాదు. 1987-88లో ప్రకాశం, గుంటూరు జిల్లాలలో పత్తిపై తెల్లదోమ, శనగపచ్చ పురుగు విరుచుకుపడినవి. కొట్టినకొద్దీ మందులకు పురుగు లొంగలేదు; తెల్లదోమను అదుపులో ఉంచే మిత్రకీటకాలు మాత్రం నశించినవి. పంట పోయి, అప్పులు మిగిలి, అదే మందు త్రాగి రైతులు ప్రాణాలు తీసుకున్నారు. 2021-22లో మిరపపూలలో నల్లతామర పురుగు కనబడి తోటలకు తోటలే పాడైనప్పుడు, మరల పిచికారీలు వారం తిరగకుండా మ్రోగినవి. ఈ పురుగు మన దేశంలో మొదట గుర్తింపబడినది 2015లో బెంగళూరు వైపు బొప్పాయిపైన. చేనిలో మందు ఎంత, ఎప్పుడు అనేది లాం పరిశోధన స్థానంవారిని, వ్యవసాయాధికారులను అడిగి తేల్చుకోవలసిన విషయం. ఈ ప్రసంగానికి అది అందదు. ఇంటి తీగ సంగతి మాత్రం తేలికగా తేలుతుంది. రాధామనోహరానికి చేనుమందు అవసరమే లేదు. ఒకప్పుడు ఆకులకు చిల్లులు పడవచ్చును. లేతకొమ్మలకు తెల్లని పిండినల్లి పట్టవచ్చును. ఆకును గిల్లివేయడం, నీటిని గట్టిగా చిమ్మి నల్లిని కడిగివేయడం చాలు. అప్పటికీ లొంగకపోతే లీటరు నీటికి 50 గ్రాముల వేపగింజల పలుకును దంచి, రాత్రంతా నానవేసి, గుడ్డతో వడగట్టి, చిటికెడు సబ్బుపొడి కలిపి, పూలపై పడకుండా ఆకుల అడుగున చల్లవచ్చును. చేనిమీది పిచికారీని దీనికి వాడరాదు. విడిగా ఒక చిన్న చేతిపంపు ఉంచుకోవలెను.

తీగను నాటే పని కష్టమైనది కాదు గాని, మన నల్లరేగడి విషయంలో కొంత జాగ్రత్త కావలెను. వానాకాలంలో ఈ నేల నీటిని పట్టి వదలదు. వేసవిలో చేయి దూరేంత నెరియలు విచ్చి వేళ్ళను తెంపుతుంది. కనుక రెండడుగుల పొడవు, వెడల్పు, లోతు గల గొయ్యి తీసి, తీసిన మట్టిలో సగం ప్రక్కన పెట్టి, మిగిలిన సగానికి ఇసుక లేదా ఎర్రమట్టి, రెండు గంపల చివికిన పశువుల ఎరువు కలిపి నింపవలెను. చుట్టూ ఉన్న నేలకంటె అరడుగు ఎత్తుగా దిబ్బ పోసి, ఆ దిబ్బపై మొక్క నాటితే వానకు నీరు నిలవదు. వేసవిలో పాదు నిండా ఎండుటాకు గాని జొన్నచొప్ప గాని పరచితే నెరియలు విచ్చవు. పొన్నూరు వైపు కాలువ నీరు అందే ఊళ్ళవారికి నీటి బాధ లేదు. ప్రకాశంలో ఉప్పునీటి బోరు తప్ప గతి లేనిచోట ఆకు అంచులు మాడడం చూస్తాము. అటువంటివారు బియ్యం కడిగిన నీరు, కూరలు కడిగిన నీరు తీగకు మళ్ళించి, వానకాలంలో ఒకటి రెండు మార్లు పాదు నిండా వాననీరు ఇంకేటట్లు చేస్తే పేరుకున్న ఉప్పు క్రిందికి దిగుతుంది. నిలద్రొక్కుకున్న తీగకు వేసవిలో వారానికి రెండు తడులు చాలు.

చోటు ఎన్నుకోవడమే అన్నిటికంటె ముఖ్యం. పూటకు ఆరు గంటలైనా ఎండ తగలని చోట ఈ తీగ పెరుగుతుంది, పూయదు. మా తీగకు పదేళ్ళయినది, ఆకేగాని పువ్వు లేదని శ్రోతలు రాసే ఉత్తరాలకు సగం సమాధానం ఇక్కడ ఉన్నది. మిగిలిన సగం యూరియా బస్తాలో ఉన్నది. మిరపచేనికి తెచ్చిన యూరియాలో గుప్పెడు తీగకు కూడా వేస్తే ఏమి పోయినదని అనుకుంటారు. పూలే పోతవి. ఆ బలమంతా ఆకుకు, కొమ్మకు పోతుంది. ఏడాదికి రెండుమార్లు, తొలకరిలో ఒకమారు, కొమ్మలు కత్తిరించిన తరువాత ఒకమారు, చివికిన పశువుల ఎరువు వేస్తే దీనికి అంతకంటె అక్కరలేదు.

ఇది బరువైన తీగ. ఇరవై ముప్పై అడుగులు ప్రాకుతుంది. పత్తికట్టెతో కట్టిన దడి దీనిని ఒక్క వానాకాలం కూడా మోయలేదు. చీరాల, బాపట్ల ఇసుకనేలల సర్వి కర్రలైనా, పల్నాటి నాపరాతి కూసాలైనా పాతి, పైన గట్టి తీగె లాగి పందిరి వేయవలెను. పెంకుటింటి చూరు మీదికి నేరుగా ఎక్కనిస్తే కొమ్మలు పెంకుల సందులలో దూరి, లావెక్కి వాటిని లేపుతవి. తీగ ఎక్కే పద్ధతి కూడా చూడదగినది. దీనికి నులితీగెలు లేవు. ఆకు రాలినా ఆకుకాడ మొదలు మాత్రం రాలక, గట్టిపడి, వంగిన ముల్లువలె కొమ్మపై మిగిలిపోతుంది. ఆ కొక్కేలతోనే పట్టుకొని పైకి పోతుంది. కత్తిరించేటప్పుడు చేతులకు గీసుకుపోయేది ఇవే. నడవా పక్కన తీగ ఉంటే పిల్లల కళ్ళ ఎత్తుకు వచ్చే కొమ్మలను తీసివేస్తూ ఉండవలెను.

పూతీగ ఉంటే పాము వస్తుందనే భయం ఒకటి మనలో ఉన్నది. పాము వాసనకు రాదు. ఎలుక కోసం, కప్ప కోసం వస్తుంది. దట్టంగా అల్లుకున్న తీగ నేలను తాకుతూ ఉంటే ఎలుకకు చోటు దొరుకుతుంది. ఎలుక వెంట అది వస్తుంది. మొదట రెండడుగుల మేర కొమ్మలు లేకుండా, నేల కనబడేటట్లు శుభ్రంగా ఉంచుకుంటే ఆ భయానికి తావు ఉండదు.

కత్తిరింపునకు తగిన కాలం సంక్రాంతి తరువాత. అప్పటికి పూత వెనుకబడి, ఆకు కొంత రాలి, కొమ్మలు స్పష్టంగా కనిపిస్తవి. కల్లాలలో మిరపకాయలు ఎర్రగా ఆరుతూ ఉండే రోజులు అవి. చేలో పని ఎక్కువగా ఉన్న మాట నిజమేగాని, ఈ పనికి ఒక్క ఉదయం చాలు. ఎండినవి, సన్ననివి, చిక్కుపడినవి మొదలంటా తీసివేసి, మిగిలిన కొమ్మలను మూడవ వంతు మేర కురచచేయవలెను. జాలిపడి కత్తెర ఆపకూడదు. ఈ తీగకు పువ్వు వచ్చేది ఆ ఏటి క్రొత్త చిగురుపైన. పాతకొమ్మ ఎంత మిగిలితే పందిరికి అంత బరువు. వేసవి మొదలుకొని వానలు వెనుకబట్టేదాకా విడతలు విడతలుగా గుత్తులు వస్తూనే ఉంటవి.

మన ప్రాంతంలో దీనికి కాయ కాయడం అరుదు. ఐదు అంచులు దేలిన ఆ కాయలోని గింజను చైనా వైద్యంలో ఏలికపాములకు మందుగా వాడుతూ వచ్చినారు. మోతాదు మీరితే వెక్కిళ్ళు, వాంతులు పట్టుకుంటవి కనుక ఇంటి వైద్యంగా దాని జోలికి పోరాదు. గింజలు దొరకవు కాబట్టి మన పెరళ్ళలోని తీగలన్నీ ఇంచుమించుగా ఒకరి నుండి మరొకరు తీసుకున్న కొమ్మలే. తొలకరి పడిన తరువాత, ముదురూ లేతా కాని, పెన్సిలంత లావు గల కొమ్మను జానెడు పొడవున కోసి, మూడు కణుపులు మట్టిలోకి పోయేటట్లు ఇసుక కలిపిన మట్టిలో నీడపట్టున గుచ్చవచ్చును. అన్నీ బ్రతకవు, ఐదారు గుచ్చుకోవడం మంచిది. అంతకంటె నమ్మకమైనది నేల అంటు. వ్రేలాడే కొమ్మను వంచి, ఒక కణుపు దగ్గర బెరడును కొంచెం గీసి, మట్టిలో అణచి, పైన ఒక రాయి పెట్టితే వానలు ముగిసేలోగా వేళ్ళు తొడుగుతుంది. పాత తీగ మొదట లేచే పిలకను వేరుతో సహా త్రవ్వి తెచ్చుకోగలిగినవారికి ఈ శ్రమ కూడా లేదు. పొరుగువారు సంక్రాంతి తరువాత తీగ కత్తిరించేటట్లయితే, ఈ ఏడు మొదటి దగ్గర ఒక పిలకను మాత్రం ఉంచమని ముందుగానే అడిగి పెట్టుకోండి.